వినికిడి నుండి వెండితెరకు: సాయి పరాంజపే రచనా ప్రస్థానము



ఎవరి స్మృత్యర్థము ఈ ధర్మనిధి ఉపన్యాసము ఏర్పాటైనదో ఆ పెద్దలు రేడియో నాటికను జీవితవ్యాసంగముగా స్వీకరించినవారు. రంగస్థలముమీద నటుని ముఖము చేయు పనిని, వెనుక వ్రేలాడు తెర చేయు పనిని, దీపముల వెలుగు చేయు పనిని ఒక్క మాటచేతనే సాధింపవలసిన ఆ కళయందు మాట వృథా పోరాదను నియమమును వారు ఎన్నడును సడలనీయలేదని వారితో పనిచేసినవారందరు చెప్పుదురు. కావున వారి పేరిట మాటాడు ఈ సందర్భమున, రేడియోతో ఆరంభించి, టెలివిజనుకు నాటికలు వ్రాసి, ఆ నాటికల నుండియే చలనచిత్రములను రూపొందించిన ఒక రచయిత్రి ప్రస్థానమును పరిశీలించుట ఉచితమని తోచినది. ఆమె సాయి పరాంజపే. మరాఠీ, హిందీ, ఆంగ్లము అను మూడు భాషలలోను కలము నడపిన ఆమె చిత్రములను మనవారు ఎక్కువగా దూరదర్శనులోనే చూచియుందురు, చూచి నవ్వుకొనియుందురు, కాని ఆ నవ్వు వెనుకనున్న రచనాశిల్పమును గూర్చి మన భాషలో జరుగవలసినంత చర్చ జరుగలేదు.

నేను నేడు ప్రతిపాదింపదలచిన విషయమొక్కటే. టెలివిజను రచయిత సినిమా దర్శకుడగుటను లోకము సాధారణముగా పదోన్నతిగా భావించును; చిన్నతెర అభ్యాసస్థలమనియు, వెండితెర ఫలసిద్ధియనియు, అచటికి చేరినవారు వెనుకటి అలవాటులను విడిచిపుచ్చవలెననియు అనుకొందురు. సాయి పరాంజపే విషయమున జరిగినది ఇందుకు భిన్నము. ఇరుకైన స్టూడియోలో, స్వల్పమైన వ్యయముతో, నలుగురైదుగురు పాత్రలతో, ఒకటి రెండు గదులలో కథ నడపవలసి వచ్చినపుడు ఆమెకు అబ్బిన మితత్వమును, ఏ మనిషి పలుకు ఎట్లుండునో విడివిడిగా గుర్తించు చెవిని ఆమె సినిమాలోనికి యథాతథముగా తెచ్చుకొన్నది; ఆ రెంటిని ఎచట నిలుపుకొన్నదో అచట ఆమె చిత్రములు నేటికిని సజీవములై యున్నవి; ఎచట సినిమా ఆచారమునకు లొంగినదో అచట పట్టు సడలినది.

ఆమె 1938వ సంవత్సరము మార్చి 19వ తేదీన లక్నోలో జన్మించెను. మాతామహుడు రఘునాథ పురుషోత్తమ పరాంజపే 1899లో కేంబ్రిడ్జి గణితపరీక్షయందు సీనియర్ రాంగ్లరుగా నిలిచిన తొలి భారతీయుడు. పుణెలోని ఫెర్గుసన్ కళాశాలకు ప్రిన్సిపాలుగా నుండి, పిమ్మట లక్నో విశ్వవిద్యాలయమునకు ఉపాధ్యక్షుడైనవాడు. తల్లి శకుంతలా పరాంజపే కేంబ్రిడ్జిలో చదువుకొని వచ్చి, శాంతారాం తీసిన 'దునియా న మానే' చిత్రమున నటించి, తరువాత కుటుంబనియంత్రణమను మాటను నలుగురిలో పలుకుటకే జనులు సంకోచించు దినములలో ఆ ప్రచారమునకు జీవితమును ధారవోసిన సాహసురాలు. రాజ్యసభలోను సభ్యత్వము నెరపినది. తండ్రి రష్యా దేశీయుడైన చిత్రకారుడు. ఆ దాంపత్యము స్వల్పకాలముననే ముగిసినందున బిడ్డ తల్లివద్దను తాతగారి నీడలోను పెరిగినది. తాతగారు ఆస్ట్రేలియాలో భారత హైకమిషనరుగా నున్న కాలమున, అనగా 1944 నుండి 1947 వరకు, బాలిక కొంతకాలము కాన్‌బెర్రాలో గడపినది. ఎనిమిదేండ్ల ప్రాయముననే ఆమె వ్రాసిన బాలల కథలు మరాఠీలో పుస్తకరూపమున వెలువడినవి. ఇట్టి యింట పుట్టిన పిల్ల రచయిత్రి యగుటలో వింతలేదని ఎవరైనను అనవచ్చును. కాని ఇంతటి విద్యాగోష్ఠి నడుమ పెరిగిన వ్యక్తి, పాన్‌షాపు యజమాని మాటను, అద్దెయింటి గుమస్తా మాటను, గడప గడప తిరిగి సబ్బుపొడి అమ్ముకొను పిల్ల మాటను అంత ఆదరముతో ఆలకించుట మాత్రము వంశమువలన వచ్చునది కాదు. అది ఉద్యోగము నేర్పిన విద్య.

ఆ ఉద్యోగము పుణె ఆకాశవాణిలో అనౌన్సరు పని. అచట ఆమె పిల్లల కార్యక్రమములను నిర్వహించినది. రేడియోలో పిల్లలకు కథ చెప్పుట ఎంతటి కఠినమైన పరీక్షయో ఆ పని చేసినవారికే తెలియును; పెద్దలు మర్యాదకైనను వినుచుందురు గాని, పిల్లవాడు విసిగిన క్షణమున లేచి ఆటకు పోవును; వాడు లేచిపోయిన సంగతి మైకు ముందు కూర్చున్నవారికి తెలియదు; కావున ప్రతి వాక్యము తరువాతి వాక్యముపై ఆశ కలిగించునట్లు నడవవలెను. మన విజయవాడ కేంద్రము 1948లో ప్రారంభమైన నాటి నుండి తెలుగు రేడియో నాటికకు ఏర్పడిన శ్రోతృబృందమును ఎరిగినవారు ఈ సభలో ఎందరో కలరు. పాత్రల పేర్లు చెప్పకయే, దగ్గు విని ముసలివాడనియు, గాజుల చప్పుడు విని ఇల్లాలనియు గుర్తుపట్టిన ఆ తరమువారికి, శబ్దముచేతనే మనిషిని నిలబెట్టుట యనగా నేమో వేరుగా విప్పి చెప్పవలసిన పనిలేదు.

పిమ్మట ఆమె ఢిల్లీలోని జాతీయ నాటక విద్యాలయమున చేరి 1963లో పట్టము పొందెను. ఇబ్రహీం అల్కాజీ ఆ విద్యాలయ నిర్దేశకత్వమును చేపట్టి అప్పటికి ఏడాది మాత్రమే అయినది. రంగస్థలము ఆమెను ఎన్నడును విడువలేదు. మరాఠీలో నాటకములు వ్రాసి, తానే ప్రయోగించినది. కాని అన్నమునకు ఆధారమై, చేతికి చేవ యిచ్చినది టెలివిజను.

ఆనాటి టెలివిజను స్వరూపమును నేటి యువకులు ఊహించుట కష్టము. 1959 సెప్టెంబరు 15వ తేదీన ఢిల్లీలో ప్రయోగాత్మకముగా మొదలైన ఆ ప్రసారము 1965 వరకు దినదినము జరుగునది కాదు. 1976 వరకు అది ఆకాశవాణిలోని ఒక విభాగమే. రంగులు వచ్చినది 1982లో. నలుపు తెలుపుల ఆ చిన్న పెట్టెలో దూరమునుండి తీసిన దృశ్యము మసకగా కనబడును గనుక ముఖమునకు సమీపమున కెమెరా నిలుపవలెను. ముఖము దగ్గరైనపుడు నటుడు ఉపన్యసించినచో చూపరికి రోత పుట్టును గనుక మాట ఇంటి మాటగా నుండవలెను. సెట్టు వేయుటకు స్థలము లేదు గనుక కథ గదిలోనే పుట్టి గదిలోనే పెరుగవలెను. లేమి విధించిన ఈ నియమములే ఆమెకు శైలి యైనవి. 1972లో ఆమె తీసిన 'ది లిటిల్ టీ షాప్' అను టెలివిజను చిత్రమునకు ఆసియా ప్రసార సంఘపు పురస్కారము లభించినది. ఆ యేడే బొంబాయి టెలివిజను కేంద్రము ప్రారంభమైనది. చిన్న టీకొట్టు మనుషులు ఆమె కలమున నాటి నుండియే ఉన్నారనుట గమనింపదగిన విషయము. బాలల చలనచిత్ర సంస్థకు ఆమె తీసిన 'జాదూ కా శంఖ్' (1974), 'సికందర్' (1976) అను చిత్రములును ఈ అభ్యాసకాలమునకు చెందినవే.

ఇచట తెలుగువారి సంగతి ఒక మాట చెప్పవలెను. మన చిత్రసీమలో రచయితలు దర్శకులైన సంప్రదాయము లేకపోలేదు. ఆత్రేయ 1961లో 'వాగ్దానము' తీసెను, నాటకరంగము నుండి వచ్చిన జంధ్యాల 'శంకరాభరణము' సంభాషణలతో ప్రసిద్ధుడై 1981లో 'ముద్దమందారము'తో దర్శకుడయ్యెను, డి.వి. నరసరాజు 1986లో 'కారు దిద్దిన కాపురం' తీసెను. కాని వీరందరును రంగస్థలము నుండియో సినిమా రచన నుండియో వచ్చినవారు. హైదరాబాదు దూరదర్శన్ కేంద్రము 1977లో గాని మొదలు కాలేదు గనుక, చిన్నతెర రచనలో పండి, ఆ పంటతో సినిమాకు వచ్చిన తరము మనకు ఆ కాలమున ఏర్పడుటకు అవకాశము లేకపోయినది. సాయి పరాంజపేను మనము శ్రద్ధగా చదువవలసిన కారణములలో ఇది యొకటి.

'స్పర్శ్' ఆమె తొలి కథాచిత్రము. అంధ విద్యాలయమును గూర్చి టెలివిజనుకై పనిచేయునపుడు ఆమెకు పరిచయమైన ఒక ప్రధానోపాధ్యాయుని వ్యక్తిత్వము ఈ కథకు బీజము, ఆయన అంధుడు. ఆ బీజము మొదట టెలివిజను నాటికగా మొలకెత్తి, తరువాత చలనచిత్రమైనది. నిర్మాత బాసు భట్టాచార్య. నసీరుద్దీన్ షా అంధుడైన ప్రధానోపాధ్యాయుడు అనిరుద్ధ్‌గాను, షబానా ఆజ్మీ భర్తను గోలుపోయిన కవితగాను నటించిరి. ఢిల్లీలోని అంధుల పాఠశాలలోనే చిత్రీకరణ జరిగినది. అచటి పిల్లలే తెరమీదను పిల్లలు.

ఈ చిత్రమున నాయికానాయకుల ప్రథమ సమావేశమును చూడుడు. అనిరుద్ధ్ వైద్యుని యిల్లు వెదకుచు ఒక వాకిట నిలిచినాడు. లోపలినుండి స్త్రీ కంఠమున పాట వినవచ్చుచున్నది. మన కావ్యములలోను నాటకములలోను నాయకుడు నాయికను చెట్టుచాటునుండి చూచును, చిత్రపటమున చూచును, కలలో చూచును. ఈ నాయకునికి చూపు లేదు గనుక అతడు వినును. తలుపు తెరచిన కవిత అతని స్థితిని గ్రహించును. అతడు క్షమింపుమని వెడలిపోవును. కొన్నాళ్ళకు ఒక స్నేహితురాలి యింటి విందులో నలుగురి మాటల నడుమ ఆ కంఠమునే అతడు గుర్తించును. కథ యింతే. కాని సినిమాలో రచయిత్రి సాధించిన సూక్ష్మత ఏమనగా, ఈ రెండు ఘట్టములలోను మనము, చూపు కలవారము, ఆమె ముఖమును చూచుచునే యున్నను, క్రమముగా మన శ్రద్ధ ముఖమునుండి కంఠమునకు మరలును. నాయకుడు ఆమెను ఎట్లు ఎరుగునో అట్లే మనమును ఎరుగనారంభింతుము. రేడియోలో పనిచేయని దర్శకునికి ఈ ఉపాయము తట్టెడిదా యని నేను చాలసారులు ఆలోచించితిని. తట్టకపోవుననియే నా విశ్వాసము.

కాఫీ ఘట్టము ఇంకొకటి. కవిత అతిథిగా వచ్చినది. అనిరుద్ధ్ తానే కాఫీ కలుపుచున్నాడు. చేతులకు ఏ వస్తువు ఎచట నున్నదో తెలియును. ఆ చేతులలో తడబాటు లేదు. ఆమె లేచి సాయము చేయబోవును. అది సహజమైన గృహిణీ సౌజన్యము. మన యిండ్లలో ఏ అమ్మాయి యైనను అట్లే లేచును. అతడు భగ్గుమనును. తప్పు ఎవరిది? ఆమెది కాదు, ఏలయన ఆమె చూపు కలవానికైనను అట్లే చేసియుండెడిది. అతనిదియు కాదు, ఏలయన జీవితమంతయు ఇట్టి సౌజన్యము వెనుక దాగిన జాలిని అతడు భరించుచు వచ్చినాడు. ఒక గది, ఇద్దరు మనుషులు, రెండు కప్పులు. ఇంతకు మించి ఆ దృశ్యమున ఏమియు లేదు, కథ మొత్తమునకు మూలమైన విరోధము అంతయు అందు కలదు. చిన్నతెరకు వ్రాసి వ్రాసి ఆరితేరిన చేయి మాత్రమే ఇంత తక్కువతో ఇంత చెప్పగలదు.

వారిరువురకు వివాహము నిశ్చయమగును. అంతలో, అనిరుద్ధ్‌వలెనే అంధుడైన సహోపాధ్యాయుడు దూబే భార్య మరణించును. ఆ పాత్రను ఓంపురి ధరించెను. దుఃఖములో నున్న దూబే తన దాంపత్యమును గూర్చి చెప్పిన చేదు మాటలు అనిరుద్ధ్ మనస్సున నాటుకొనును. కవిత తనను ప్రేమించుచున్నదా, లేక తన శూన్యజీవితమునకు ఒక త్యాగమును వెదకుకొనుచున్నదా అను సంశయముతో అతడు వివాహమును కాదనును. కారణము ఆమెతో చెప్పడు. ఇట వేరొక రచయిత యైనచో కన్నీటి సన్నివేశము వ్రాయును. సాయి పరాంజపే ఆమెను మరల బడికి పంపినది. ఆమె పిల్లలకు పాటలు నేర్పును, కథలు చెప్పును. తనకు అన్యాయము చేసిన మనిషి గదిముందు నుండి దినదినము నడచిపోవును. ఆ పని ఆమెకు ఎంత అవసరమో అపుడు గాని మనకు తెలియదు.

1979వ సంవత్సరమునకు గాను ఉత్తమ హిందీ చిత్రము, ఉత్తమ నటుడు, ఉత్తమ చిత్రానువాదము అను మూడు జాతీయ పురస్కారములు 'స్పర్శ్'కు లభించినవి. చిత్రానువాద పురస్కారము సాయి పరాంజపేదే. ఐనను చిత్రము ప్రేక్షకుల ముందుకు వచ్చుటకు దాదాపు నాలుగేండ్లు పట్టినది. వచ్చిన తరువాత 1985లో ఫిల్మ్‌ఫేర్ వారు ఉత్తమ చిత్రము, ఉత్తమ దర్శకత్వము, ఉత్తమ సంభాషణలు అను గౌరవముల నిచ్చిరి. ఈ ఆలస్యమువలన ఒక విచిత్రము జరిగినది; ఆమె తొలిచిత్రము థియేటరులలోనికి రాకముందే ఆమె హాస్యచిత్రములు రెండు దేశమంతట పేరుపొందినవి. అందుచేత చాలమంది ఆమెను హాస్యరచయిత్రిగా మాత్రమే తలచిరి. ఆ తలపు ఆమెకు చేసిన నష్టము చిన్నది కాదు.

ఆ హాస్యచిత్రములలో మొదటిది 'చష్మే బద్దూర్' (1981). ఇదియు 'ధువాఁ ధువాఁ' అను ఆమె టెలివిజను నాటిక నుండి వచ్చినదే. ఢిల్లీలో ఒక గదిలో ముగ్గురు బ్రహ్మచారులు. సిద్ధార్థ్ చదువుకొనువాడు, తక్కిన యిద్దరు ఓమీ, జై అనువారు చదువు పేరిట కాలము గడపువారు. సిగరెట్లన్నియు లల్లన్ మియాఁ కొట్టులో అరువు. ఫారూఖ్ షేఖ్, రాకేశ్ బేదీ, రవి బాస్వానీ ఆ మిత్రత్రయము. సయీద్ జాఫ్రీ లల్లన్ మియాఁ. వీధిలోనికి నేహా అను అమ్మాయి వచ్చును; దీప్తీ నవల్ ఆ పాత్రధారిణి. ఓమీ, జై ఒకరి వెనుక ఒకరు ఆమెను ఆకర్షింపబోయి భంగపడి, ఇంటికి వచ్చి మిత్రుల ముందు తమ పరాభవమును విజయగాథగా వర్ణింతురు. ఆ అబద్ధపు వర్ణన తెరమీద సినిమా పాటలరూపమున కనబడును. ఇందలి విమర్శ ఎంత లోతైనదో గమనింపుడు. జరిగిన సంగతిని రచయిత్రి మామూలు మాటలలో చూపును. జరుగనిదానిని సినిమా భాషలో చూపును. సినిమా తీయుచునే, జనుల ప్రణయకల్పనలను సినిమా ఎట్లు మలచినదో ఆమె ఏ పాత్రచేతను ఉపన్యసింపజేయక చూపగలిగినది.

సిద్ధార్థుని వాకిటికి నేహా తానుగా వచ్చును, చమ్‌కో అను బట్టల సబ్బుపొడి అమ్ముకొనుటకు. ఆమెకు నీళ్ళు కావలెను, ఒక బట్ట కావలెను. తువాలు తడిపి నురుగు చూపుచు, వల్లెవేసికొన్న వ్యాపారవాక్యములను గడగడ అప్పగించును. ఆ వాక్యము లయిపోవును. బట్ట నానవలెను. బట్ట నానువరకు ఆ ఇద్దరికిని చేయుటకు పనిలేదు, పలుకుటకు మాట లేదు. ఆ నిరీక్షణమే ప్రేమకథకు ఆరంభము. పూలతోట లేదు, వాన లేదు, సంగీతపు వెల్లువ లేదు. నానుచున్న తువాలు కలదు. ఉద్యోగము చేసి తన కాళ్ళపై నిలువబోవు మధ్యతరగతి అమ్మాయి ఆ దినములలో ఎట్టి పనులు చేసెడిదో, ఎట్టి గడపలు ఎక్కెడిదో ఎరిగిన రచయిత్రికి మాత్రమే స్ఫురింపదగిన సన్నివేశమిది. హిందీ చిత్రసీమలో ప్రథమానురాగమును ఇంత సత్యముగా చిత్రించిన ఘట్టములు అరుదు.

ఐతే చిత్రాంతమున నాటకమాడి చేయబోయిన అపహరణము నిజమైన అపహరణముగా పరిణమించు భాగమున ఆ మితత్వము చెదరినది. అచట పరుగులు, దెబ్బలాటలు ప్రవేశించును. గదిని విడిచినంతనే రచన బలహీనపడినదని నా అభిప్రాయము. ఆ చిత్రముపై జనుల ప్రేమ మాత్రము చెక్కుచెదరలేదు. 2013 ఏప్రిల్ 5వ తేదీన కొత్తగా తీసిన హిందీ 'చష్మే బద్దూర్' విడుదలైన దినముననే పాత చిత్రమును గూడ శుభ్రపరచి మరల విడుదల చేసిరి. ముప్పది యేండ్లు దాటిన చిత్రమునకు అట్టి గౌరవము తరచుగా లభించునది కాదు.

'కథా' (1983) ఎస్.జి. సాఠే మరాఠీ నాటకము ఆధారముగా తీసినది. తాబేలు, కుందేలు కథను ఆమె బొంబాయిలోని చాల్ అను ఉమ్మడి నివాసములోనికి తెచ్చినది. రాజారాం అను గుమస్తా అందరి పనులును చేసిపెట్టును, పొరుగింటి సంధ్యను ప్రేమించును, చెప్పలేడు. అతని గదిలో అతిథిగా దిగిన బాషూ అను మిత్రుడు మాటకారి; అబద్ధముతో ఉద్యోగము, యజమాని యింటివారి మెప్పు, చివరకు సంధ్య మనస్సు కూడ సంపాదించి, వివాహపు ముంగిట ఆమెను విడిచిపోవును. చాల్‌లోని ఉమ్మడి వరండా, నీళ్ళకై తెల్లవారుజాము తొందర, ఒకరి యింటి ముచ్చట మరియొకరి యింట మారుమ్రోగుట, ఇవి యన్నియు కథకు అలంకారములు గాక కారణములైనవి. ఏలయన అట్టి నివాసమున రహస్యము దాగదు గనుకనే అబద్ధీకుడు అంత త్వరగా అందరి యిండ్లలోనికి చొరబడగలిగినాడు. చివర సంధ్య తన గతమును రాజారాంతో చెప్పబోవును. అతడు దానిని అడ్డంకిగా తలపడు. తాబేలు గెలిచినదని సంతోషింప నాకు మనసొప్పలేదు. ఆ గెలుపులో ఎంత నష్టము చేరియున్నదో సంధ్య ముఖము చెప్పుచునే యున్నది. రచయిత్రి దానిని మరుగుపరుపలేదు. ఇదియు ఉత్తమ హిందీ చిత్రముగా జాతీయ పురస్కారము పొందినది.

ఈమె చిత్రములు టెలివిజను నాటికలవలె నుండుననియు, కెమెరా మాటలకు దాసియై నిలుచుననియు అనువారు కలరు. ఆ మాటను నేను పూర్తిగా త్రోసిపుచ్చను. కాని దృశ్యవైభవము కొరకు ఆమెవద్దకు పోవువాడు చిరునామా తప్పినవాడు. ఈ మూడు చిత్రములకును ఛాయాగ్రాహకుడైన వీరేంద్ర సైనీ, ఆమె రచన ఏది కోరునో ఎరిగి, మనుషులను వారివారి గదులలో, వారి వస్తువుల నడుమ, తొందరపడక చూపెను. ఈ మితత్వము లోపము కాదు, దృష్టి.

'దిశా' (1990) దగ్గర నేను కొంత నిలువవలెను. ఆమె చిత్రములలో దీనికి న్యాయము జరుగలేదని నా ఫిర్యాదు. పంటలు లేని పల్లెనుండి బొంబాయి బట్టలమిల్లులకు పోవు పురుషుల కథ ఇది. ఒక గదిలో పదులకొలది మనుషులు వంతులవారీగా నిద్రించుట, రాత్రిపాళీ ముగించి వచ్చినవాడు పగటిపాళీకి పోవువాని చాపమీద ఒరుగుట ఇందు కలవు. నానా పటేకర్, రఘువీర్ యాదవ్ ఆ వలసకూలీలు. పల్లెలో నిలిచిన హంస అను ఇల్లాలు బీడీల పనికి పోవును. షబానా ఆజ్మీ ఆ పాత్ర. ఓంపురి ధరించిన అన్న పాత్ర పల్లెను విడువక ఒంటరిగా ఏండ్లతరబడి బావి త్రవ్వుచుండును; ఊరివారు వానిని వెఱ్ఱివాడందురు; తుదకు నీరు పడును. ఈ చిత్రమును తెలంగాణ వాడెవడైనను పరాయి కథగా చూడజాలడు. సిరిసిల్ల నుండి భివండి మగ్గములకు పోయిన నేతగాండ్రు, పాలమూరు నుండి దేశదేశములకు పోయిన మట్టిపని కూలీలు, నిజామాబాదు, జగిత్యాల పల్లెలలో మగడు దూరదేశమున నుండగా బీడీలు చుట్టి సంసారము నీదిన స్త్రీలు మనవారే. ఎండిన బావిలో మరి కొన్ని గజములు త్రవ్వించి అప్పులపాలైన రైతులును మనవారే. హంస బీడీల పనికి పోయి నాలుగు పైసలు కండ్లజూచిన పిమ్మట ఆమె నడకలో, మాటలో, మగనితో వాదించు తీరులో వచ్చిన మార్పును రచయిత్రి మెట్టుమెట్టుగా చూపును. వలస పోయినవాడు మారినాడా, ఇంటనున్నది మారినదా అను ప్రశ్న మన సాంఘిక చరిత్రకారులు సయితము ఆలస్యముగా అడిగిన ప్రశ్న.

'పపీహా' (1993) అడవిని గూర్చినది. అది నన్ను అంతగా కదలింపలేదు. 'సాజ్' (1997) ఇద్దరు గాయనీ సోదరీమణుల కథ. షబానా ఆజ్మీ, అరుణా ఇరానీ ఆ పాత్రలు ధరించిరి. తబలా విద్వాంసుడు జాకీర్ హుస్సేన్ అందు నటించి, సంగీతమును కొంత సమకూర్చెను. భూపేన్ హజారికా, యశ్వంత్ దేవ్, రాజ్‌కమల్ తక్కిన సంగీతకర్తలు. ఆ కథ ఎవరి జీవితమను చర్చ ఆనాడు చాల జరిగినది. నాకు ఆ చర్చ అక్కరలేదు. ఒకే గురువువద్ద, ఒకే యింట, ఒకే పాట నేర్చిన ఇద్దరిలో ఒకరి కంఠము రెండవవారి కంఠమునకు నీడ యగుట ఎంతటి వేదనయో పాటలద్వారమున చూపిన చిత్రమది. ఇచటను ఆమెకు ఆధారము చెవియే.

సినిమాలో పేరు వచ్చిన తరువాతను ఆమె టెలివిజనును విడువలేదు. 1984, 1985 సంవత్సరములలో 'అడోస్ పడోస్', 'ఛోటే బడే' అను ధారావాహికములు వ్రాసి దర్శకత్వము వహించినది. బాలల చలనచిత్ర సంస్థకు రెండు పర్యాయములు అధ్యక్షురాలై పనిచేసెను. 2006లో పద్మభూషణ్ ఇచ్చిరి. 2016లో 'సయ' అను పేరిట తన కళాప్రయాణమును మరాఠీలో వ్రాసి, నాలుగేండ్లకు అదే జీవితమును ఆంగ్లమున 'ఎ ప్యాచ్‌వర్క్ క్విల్ట్' అను పేరిట తానే చెప్పుకొన్నది. తన చిత్రములన్నింటికిని కథను చిత్రముగా మలచిన కలము తనదే యగుట ఆమె విషయమున మరువరాని సంగతి. ఇతరుల నాటకమును స్వీకరించిన 'కథా'లో సయితము సంభాషణలు ఆమెవే.

నేడు తెలుగున టెలివిజను ధారావాహికములు వ్రాయువారు వందలకొలదిగా నున్నారు. వారి శక్తిని తక్కువ చేయుట నా ఉద్దేశము కాదు. దినమునకొక భాగము చొప్పున వ్రాయవలసిన ఒత్తిడిలో నిలుకడగా ఒక పాత్రను వినుటకు వారికి వ్యవధి ఎక్కడిది? కాని వారిలో చలనచిత్రమునకు పోదలచిన యువతీయువకులు, పోవుటకు ముందు, సాయి పరాంజపే చిత్రముల లిఖితరూపమును అక్షరాక్షరము చదువగలిగినచో వారికి కలుగు ప్రయోజనము అపారము. మరాఠీలోను హిందీలోను నున్న ఆ సంపద మనకు అందుబాటులో లేదు.

కావున ఈ ధర్మనిధి నిర్వాహకులకు ఒక విన్నపము చేయుచున్నాను. ఉపన్యాసముతో పాటు ఏటేట ఒక చిత్రరచనను తెలుగులోనికి అనువదింపజేసి అచ్చువేయుడు. అందుకు వలయు అనుమతులను రచయిత్రి నుండి పొందుడు. మొదట 'స్పర్శ్'ను ఎంచుకొనవలెనని ఎల్లరకు తోచును. నేను మాత్రము 'దిశా'తో ఆరంభింపుమని కోరుదును. ఆ కూలీల మాటకు గ్రాంథికము పనికిరాదు, పట్టణపు వాడుకయు పనికిరాదు. పాలమూరు, కరీంనగరపు పల్లెల మాట కావలెను. కావున అనువాదకుని ప్రక్కన ఆ ప్రాంతములనుండి వలసపోయి వచ్చినవారు ఇద్దరు ముగ్గురు కూర్చుండి, ప్రతి సంభాషణమును విని, దిద్దవలెను. నిర్వాహకులు సమ్మతించునెడల తొలి ముసాయిదా వ్రాయు శ్రమ నేను వహింతును. వచ్చు సంవత్సరము ఈ వేదికపైననే దానిని చదువుటకు అవకాశమిండు.